ఒసైరిస్ కోర్టులో డ్యూటీ చేసే తక్కెడ గారికి

అయ్యా తక్కెడ గారూ,

నమస్కారం. పాత ఈజిప్టులో ఎవరు పోయినా చివరికి పరలోకపు రాజు ఒసైరిస్ కోర్టులో మీ దగ్గరికే కదా రావాలి, ఒక పళ్ళెంలో పోయినవాడి గుండె, ఇంకో పళ్ళెంలో సత్యానికి దేవత అయిన మాత్ అమ్మవారి ఈక, నక్క తల దేవుడు అనూబిస్ వంగి తూకం చూస్తుంటాడు, రాతల దేవుడు థోత్ కలం పట్టుకుని రాసుకుంటుంటాడు (మనకి చిత్రగుప్తుడు ఉన్నాడు కాబట్టి ఈ సెటప్ అర్థం కావడానికి పెద్ద టైం పట్టదు లెండి), పక్కనే అమ్మిట్ అనే రాక్షసి, మొసలి తల, సింహం ముందుకాళ్ళు, నీటిగుర్రం వెనకభాగం, గుండె బరువు ఎక్కువైందా, అది గుటుక్కున మింగేస్తుంది, అక్కడితో ఆ మనిషి కథ ఖతం. వినడానికి భయంగానే ఉంది. కానీ మీ రిజల్ట్స్ చూశాకే నాకు డౌట్లు మొదలయ్యాయి సార్.

బ్రిటిష్ మ్యూజియంలో ఆని అనే లేఖకుడి పపైరస్ ఉంది (రెల్లు కాగితపు చుట్ట, పోయినవాడు పైలోకానికి వెంట తీసుకెళ్ళే మంత్రాల పుస్తకం), క్రీ.పూ. 1250 ప్రాంతానిది, మొత్తం కలిపితే 24 మీటర్ల దాకా వస్తుంది. అందులో మీ బొమ్మ వేశారు, రెండు పళ్ళేలూ సమానం, ఆని పాస్. హునెఫర్ పపైరస్ చూస్తే ఆయనా పాసే. ఏది తీసినా పాసే! అమ్మిట్ పాపం ఈ బొమ్మల్లో కాచుకునే ఉంటుంది, ఒక్కసారి కూడా విస్తరేసినట్టు కనపడదు. అవున్లే, ఆ చుట్ట కొనుక్కునేది కస్టమర్, డబ్బులిచ్చి మరీ తను ఫెయిలైన బొమ్మ ఎవడు వేయించుకుంటాడు.

పైగా అవి చాలావరకు రెడీమేడ్ సరుకు. ముందే రాసేసి పేరు దగ్గర ఖాళీ వదిలేవాళ్ళు, ఎవరు కొంటే వాళ్ళ పేరు నింపడమే, ఆని గారి దాంట్లోనూ కొన్నిచోట్ల పేరు తర్వాత ఇరికించిందే. చుట్ట ఖరీదు ఒక దెబెన్ (వాళ్ళ తూకం) వెండి, అంటే కూలీకి ఇంచుమించు ఆర్నెల్ల సంపాదన అంటారు. అంటే కూలీవాడు కొనడు, కొనలేడు, వాడు ఏ కాగితం లేకుండా ఉత్త గుండెతో మీ ముందు నిలబడాలి.

కొన్నవాడికి మాత్రం ఏం చెప్పాలో అన్నీ రాసిచ్చేశారు. ముందు ఒసైరిస్ ఎదుట ఒక లిస్టు, తర్వాత 42 మంది జడ్జీలకి ఒక్కొక్కరికీ ఒక్కో "చెయ్యలేదు". చంపలేదు, దొంగతనం చెయ్యలేదు, పిల్లల నోటిదగ్గర పాలు లాక్కోలేదు, పారే నీళ్ళకి అడ్డం కట్టలేదు. అందులో నాకు బాగా నచ్చింది, తక్కెడ గుండుతో ఆడుకోలేదు, తూకంలో మోసం చెయ్యలేదు అనేది. తక్కెడ ముందే నిలబడి ఆ మాట చెప్పే ధైర్యం చూడండి! మీకు నవ్వు రాలేదా అసలు?

పోనీ నోరు అబద్ధమాడినా గుండె ఉంది కదా అనుకుందామా, మమ్మీ చేసేటప్పుడు మెదడుని కొక్కెంతో ముక్కులోంచి లాగి పారేసేవాళ్ళు, తెలివీ జ్ఞాపకం అన్నీ గుండెలోనే అని వాళ్ళ నమ్మకం కాబట్టి దాన్ని మాత్రం ఒంట్లోనే ఉంచేవాళ్ళు. ఉన్న ఒక్క సాక్షి అదే. దాని మీద పచ్చరాయితో చేసిన పేడపురుగు బొమ్మ ఒకటి పెట్టారు, కింద మంత్రం చెక్కించి. మంత్రం సారాంశం ఏంటంటే, ఓ నా గుండే, అక్కడ నాకు ఎదురుతిరిగి సాక్ష్యం చెప్పకు! సాక్షిని ముందే మేనేజ్ చెయ్యడం మన కాలం కనిపెట్టింది అనుకునేవాళ్ళకి ఇది చూపించాలి. (పైలోకంలో పొలం పనికి పిలిస్తే తమ బదులు వెళ్ళడానికి బొమ్మ కూలీల్ని పెట్టుకున్నారు చూడండి, టుటన్‌ఖామున్ ఒక్కడికే 413 మంది, దాని మీద ఇంకో లెటర్ రాస్తాను.)

అసలు ఈ లెటర్ రాసింది ఒక పాత కేసు గురించి. క్రీ.పూ. 1110 ప్రాంతంలో, తొమ్మిదో రామ్సెస్ రాజు టైంలో, థీబ్స్ నగరంలో అమున్‌పనెఫర్ అనే రాతి పనివాడు ఇంకొందరితో కలిసి సోబెకెంసాఫ్ అనే రాజు సమాధిలో దూరాడు, అప్పటికే అది కొన్ని వందల ఏళ్ళ పాతది. మమ్మీ మీదున్న బంగారం, మెడలో తాయెత్తులు, అన్నీ ఒలిచేసి శవపేటికలు తగలబెట్టారు. వాటాకి 20 దెబెన్ల బంగారం, మన లెక్కలో 1.8 కేజీలు. దొరికిపోయాడు, తన వాటా మొత్తం తీసుకెళ్ళి ఒక లేఖకుడి చేతిలో పెట్టాడు, వదిలేశారు. బయటికొచ్చి మిగతా దొంగల దగ్గరికెళితే వాళ్ళు తలా కాస్త వేసుకుని మళ్ళీ వాటా ఇచ్చారట, ఏం యూనిటీ అండీ! ఇదంతా వాడే విచారణలో చెప్పుకున్నాడు, పపైరస్ మీద అలాగే ఉంది.

సోబెకెంసాఫ్ పేరున్న రాజులు ఇద్దరు, కాబట్టి ఇది ఈ రాజుదే అని గట్టిగా చెప్పలేను. కానీ ఆ పేరు చెక్కిన, గుండె మీద పెట్టే పురుగు బొమ్మ, పచ్చరాయికి బంగారు కట్టు కట్టింది, ఇప్పుడు బ్రిటిష్ మ్యూజియంలో అద్దాల వెనక ఉంది. అది ఈయనదే అయితే రాజుగారి గుండె మీద మూత లేదు. అది వాగడం మొదలుపెడితే ఆపేవాళ్ళు లేరు. మరి అప్పుడు ఏం వాగిందో, మీ పళ్ళెం ఎటు వంగిందో, అదే పూట అమున్‌పనెఫర్ కూడా లైన్లో నిలబడి "దొంగతనం చెయ్యలేదు" అన్నాడో లేదో, ఇద్దర్లో ఎవరినైనా అమ్మిట్‌కి వడ్డించారో లేదో, థోత్ గారి రిజిస్టర్ నకలు ఒకటి పంపగలరు. ఖర్చు ఎంతైనా పర్లేదు, 20 దెబెన్లు మాత్రం అడక్కండి.

ఇట్లు,
పురుగు బొమ్మ కొనే స్తోమత లేని ఒక గుండె యజమాని