నాయకుడి వెనుక ఉన్న ఏడుగురి గురించి

ఫ్రాన్స్‌లో జరిగే సైకిల్ పందెం టూర్ డి ఫ్రాన్స్‌ను ఒంటరి వీరుల పోటీగా వర్ణించిన మీ వ్యాసం ఆసక్తికరంగా సాగినప్పటికీ, జట్టు పాత్రను రెండు వాక్యాల్లో తేల్చేయడం నాకు బాధ కలిగించింది. ఒక్కో జట్టులో ఎనిమిది మంది ఉంటారు. వారిలో చాలామంది మూడు వారాల పాటు, 21 అంచెల్లోనూ, తమ నాయకుడి కోసమే తొక్కుతారు. జట్టు కారు దగ్గరకు వెనక్కి వెళ్లి, నీళ్ల సీసాలను జెర్సీలో కుక్కుకుని మళ్లీ గుంపును అందుకోవడం వారి పనే. ఎదురుగాలిని తాము భరించి, నాయకుడి బలాన్ని కొండదారి కోసం మిగల్చడమూ వారి పనే. ఆదివారం తెల్లవారుజామున బెంగళూరు నుంచి నంది కొండకు వెళ్లే మా తెలుగు మిత్రబృందంలో, దేవనహళ్లి దారిలో ముందువాడి చక్రానికి మూరెడు దూరంలో తొక్కితే కాళ్లకు ఎంత తెరిపి దొరుకుతుందో, పక్కకు తప్పుకోగానే గాలి ఎలా ఛాతీకి కొడుతుందో అందరికీ అనుభవమే.

అప్పటి జంబో-విస్మా జట్టుకు చెందిన సహాయక రైడర్ సెప్ కస్, 2023లో ఇటలీ పందెమైన జిరోలో తన జట్టు నాయకుడు రోగ్లిచ్‌కు, టూర్‌లో మరో నాయకుడు వింగెగార్డ్‌కు తోడుగా తొక్కి వారి విజయాలకు తోడ్పడిన తర్వాత, స్పెయిన్ పందెమైన వుయెల్టాలో, మొత్తం మీద ముందున్నవాడికి ఇచ్చే ఎర్ర జెర్సీని తానే ధరించాడు. ఆంగ్లిరు కొండపై జట్టు సహచరులైన ఆ ఇద్దరే అతణ్ణి వదిలి ముందుకు వెళ్లడంతో అతని ఆధిక్యం 8 సెకన్లకు పడిపోయింది. అది న్యాయం కాదని అప్పుడూ అనుకున్నాను, ఇప్పుడూ అదే నా అభిప్రాయం. చివరకు కస్ 17 సెకన్ల తేడాతో గెలిచాడు. వింగెగార్డ్, రోగ్లిచ్ రెండు, మూడు స్థానాల్లో నిలిచారు. ఒకే ఏడాది ఈ మూడు మహా పోటీలనూ ఒకే జట్టు గెలుచుకోవడం అదే మొదటిసారి. వ్యాసకర్త ఈ సహాయక రైడర్ల గురించి విడిగా రాయాలని మనవి.