కింది మెట్టు నుంచి రా నాయనా!

రాజకీయాల్లోకి వస్తానన్న కుర్రవాడికి పెద్దలు తప్పకుండా ఇచ్చే సలహా ఒకటుంది. ‘కింది నుంచి రా నాయనా. వార్డు మెంబరువై, సర్పంచువై, ఎంపీటీసీవై, జడ్పీటీసీవై వస్తే ఒకనాటికి అసెంబ్లీలో కూర్చుంటావు’ అని. బంగారం లాంటి సలహా. ఇచ్చే పెద్దల్లో ఎక్కువమంది ఆ దారిన రాలేదన్నది వేరే సంగతి.

పంచాయతీ ఎన్నికలు పార్టీలకు అతీతం. అందుకే గుర్తులు ఉంగరం, కత్తెర, బ్యాటు. ఎవరు ఏ పార్టీయో ఊళ్లో పాలు తాగే పిల్లాడికి కూడా తెలుసు, చట్టానికి మాత్రం తెలియదు. వయసు 21 నిండితే చాలు, నామినేషన్ వేసుకోవచ్చు. అసలు కథ గెలిచాకే. కౌంటింగ్ అయ్యేసరికి చీకటి పడుతుంది. మెడలో దండ వాడకముందే బడి గేటు దగ్గర కారు డోరు తెరుచుకుని ఉంటుంది. ‘అన్నా, జర ఎక్కరాదే, చాయ్ తాగొద్దాం.’ అలా చాయ్‌కి పోయిన వార్డు మెంబర్లు మళ్లీ ఉపసర్పంచ్ ఎన్నికలో చేతులెత్తే వేళకే దిగుతారు. ఉత్త ఉపసర్పంచ్ పదవికి ఇంత హంగామా దేనికంటారా? తెలంగాణలో 2018 పంచాయతీరాజ్ చట్టం సర్పంచ్‌కీ ఉపసర్పంచ్‌కీ కలిపి చెక్ పవర్ ఇచ్చింది. ఒక్క సంతకంతో పైసా కదలదు. బిల్లు పెద్దదయ్యేకొద్దీ ఉపసర్పంచ్‌గారి పెన్నులో ఇంకు అయిపోతుంటుంది.

ఇక సర్పంచ్. ఐదు వేలు దాటిన జనాభా ఉన్న ఊళ్లో ఎన్నికల ఖర్చుకు పరిమితి రెండున్నర లక్షలు. గౌరవ వేతనం నెలకు 6,500. పరిమితి దాటకుండా ఖర్చుపెట్టిన మహాత్ముడికి 39వ నెలలో అసలు చేతికొస్తుంది. వడ్డీ నేను లెక్కవేయలేదు, ఆ మహాత్ముడూ నాకింకా తారసపడలేదు. మోరీలు కట్టించాలి, శ్మశానానికి ప్రహరీ లేపాలి, బిల్లు వచ్చేదాకా సిమెంటు దుకాణం ముందు నుంచి నడవకుండా చుట్టుతిరిగి ఇంటికి పోవాలి. 2024 ఆరంభంలో పదవీకాలం ముగిసిన సర్పంచులు పాత బిల్లుల కోసం హైదరాబాద్ బయల్దేరితే, పోలీసులే వాళ్ల ఇళ్లకు వచ్చి పలకరించిపోయారు. మర్యాదంటే అదీ.

అన్నిటికన్నా నాకు నచ్చింది మొక్కల షరతు. అదే 2018 చట్టం ప్రకారం ఊళ్లో నాటిన మొక్కల్లో 85 శాతం బతకాలి. లేదంటే సర్పంచ్ కుర్చీకీ కార్యదర్శి నౌకరీకీ ముప్పే. మేకలకు ఈ సెక్షన్ సంగతి ఎవరూ చెప్పినట్టు లేదు. పిల్లల షరతు దీనికన్నా పాతది. 1995 నుంచి మొన్నమొన్నటి దాకా, మూడో బిడ్డ పుడితే స్థానిక ఎన్నికల్లో పోటీకి అనర్హులే. ఆ ముగ్గురు పిల్లల తండ్రి ఎమ్మెల్యేగా మాత్రం భేషుగ్గా పనికొచ్చేవాడు. మోరీ తీయించడానికి ఉండాల్సిన కుటుంబ నియంత్రణ, చట్టాలు చేయడానికి అక్కర్లేదన్నమాట.

ఎంపీటీసీ గురించి పెద్దగా చెప్పడానికేం లేదు. నిధుల్లేవు, విధుల్లేవు, మండల పరిషత్ అధ్యక్షుణ్ని, అదే ఎంపీపీని ఎన్నుకునే ఓటు ఒకటుంది. ఆ ఓటు పుణ్యాన నాలుగు రోజులు క్యాంపులో ఉండి రావచ్చు. గోవా దాకా పోతే సముద్రం కూడా చూడొచ్చు.

జడ్పీటీసీ అనగానే అందరూ ఒకే పేరు చెబుతారు. 2006లో మిడ్జిల్ నుంచి ఇండిపెండెంటుగా జడ్పీటీసీ గెలిచిన రేవంత్ రెడ్డి ఎమ్మెల్సీ అయ్యారు, 2009లో కొడంగల్ ఎమ్మెల్యే అయ్యారు, 2023 డిసెంబరులో ముఖ్యమంత్రి. నిజమే, కాదనేదేముంది? అప్పటి నుంచి మండలానికొక జడ్పీటీసీ అద్దం ముందు నిలబడి ‘అనే నేను’ అని ప్రాక్టీసు చేస్తున్నాడు. అయితే ఆయన ఎక్కింది నడిమి మెట్టు నుంచి. మొక్కల షరతు అప్పటికింకా పుట్టనేలేదు.

ఇప్పుడు అసెంబ్లీకొద్దాం. ఖర్చు పరిమితి 40 లక్షలు. తెలంగాణలో జీతం, అలవెన్సులు కలిపి నెలకు రెండున్నర లక్షలు. అంటే ఊరి సర్పంచ్ ఎన్నికంతటికీ పెట్టుకోదగ్గ సొమ్ము ఇక్కడ ఒకటో తారీఖున వచ్చిపడుతుంది. ఇచ్చిన హామీల్లో 85 శాతం బతికుండాలని ఏ సెక్షనూ అడగదు. అడిగితే సభలో కోరం ఉండదనుకుంటా.

కండువా మార్చినా కంగారుపడాల్సిన పనిలేదు. ఒక్కడు దూకితే ఫిరాయింపు, మూడింట రెండొంతులు కలిసి దూకితే విలీనం. 2019 జూన్‌లో కాంగ్రెస్ ఎమ్మెల్యేలు 18 మందిలో 12 మంది టీఆర్ఎస్‌లో విలీనమైంది ఈ లెక్క ప్రకారమే. లెక్క కుదరకపోయినా తీర్పు స్పీకర్‌గారిది, టైము కూడా ఆయనదే. 2023లో బీఆర్ఎస్ టికెట్ మీద గెలిచి కాంగ్రెస్‌లో చేరారన్న పది మంది సంగతి మూడు నెలల్లో తేల్చమని 2025 జూలైలో సాక్షాత్తూ సుప్రీంకోర్టు చెప్పాల్సి వచ్చింది.

సర్పంచ్‌నైతే కలెక్టర్‌గారు ఒక్క ఆర్డరుతో సస్పెండ్ చేయొచ్చు. దానికి సుప్రీంకోర్టు దాకా ఎందుకు, నాలుగు మేకలు చాలు.