ఒకే తాళంచెవి, లక్షల తలుపులు: ఆర్వీ దొంగతనాల్లో తప్పెవరిది?

కొన్నేళ్ల కిందట మా మిత్రుడొకాయన ట్రావెల్ ట్రైలర్, అంటే వాహనం వెనక తగిలించి లాక్కెళ్లే ఇంటి బండి, కొన్నారు. మొదటి ట్రిప్‌కి నన్నూ రమ్మన్నారు. క్యాంప్‌గ్రౌండ్‌లో పక్క సైట్‌లో దిగిన పెద్దాయన సామాన్ల అర తాళంచెవి ఇంట్లో మర్చిపోయి వచ్చి దిగులుగా తిరుగుతున్నారు. ‘ఒకసారి ఇది పెట్టి చూడండి’ అని మా మిత్రుడు తన చెవి ఇచ్చారు. ఇద్దరి బళ్లూ వేర్వేరు కంపెనీలవి, కొన్న ఏళ్లు కూడా వేరు. అయినా చెవి లోపలికి దూరింది, ఇటు తిప్పగానే తలుపు తెరుచుకుంది. పెద్దాయన ముందు ఎంతో సంతోషించారు. నిమిషం గడిచాక ఆయన ముఖం మారిపోయింది. ఆ అరలోనే ఆయన జనరేటర్ ఉంది మరి. చెవిని చేతిలోకి తీసుకుని చూశాం. పల్చటి బద్దలాంటి చెవి, దాని తల మీద అచ్చువేసి ఉంది: సీహెచ్ 751.

ఇలాంటి ఇంటి బళ్లను ఆర్వీలు (రిక్రియేషనల్ వెహికిల్స్) అంటారు. అవి ఉన్నవాళ్లలో చాలామందికి ఈ నంబరు తెలుసు. ఆర్వీల సామాన్ల అరలకు దశాబ్దాలుగా విరివిగా బిగిస్తున్న తాళం ఇదే. ఆఫీసు అల్మారాలకు, టూల్‌బాక్సులకు కూడా ఇదే వాడతారు. ఆన్‌లైన్‌లో ఎవరైనా ఆర్డర్ పెట్టుకోవచ్చు, కొనేవాడి పేరు, ఊరు ఎవరూ అడగరు. మనుషులు ఎక్కే ప్రధాన ద్వారం పరిస్థితీ గొప్పగా ఏమీ లేదు. వాటి చెవుల నమూనాలు కూడా పరిమితమే. అంటే వాడనప్పుడు బళ్లు దాచే స్టోరేజీ యార్డులో వరసగా నిలబెట్టిన బళ్లలో మన చెవికి తెరుచుకునేవి ఎన్నో ఉంటాయి, మన బండిని తెరిచే చెవులూ అంతకంటే తక్కువేం ఉండవు.

ఆర్వీ దొంగతనాల మీద వచ్చే సలహాలన్నీ యజమానితోనే మొదలవుతాయి: జాగ్రత్తగా ఉండండి, వెలుతురున్న చోట పార్క్ చేయండి, విలువైన వస్తువులు లోపల పెట్టకండి. ఈ సలహాల్లో తప్పులేదు, నేనూ కొన్ని చెబుతాను. కానీ వేలకు వేల డాలర్లు పోసి కొన్న బండికి తాళమే సరిగా లేనప్పుడు, పోయాక ‘మీరు జాగ్రత్తపడలేదు’ అనడం అన్యాయం. సగం తప్పు ఫ్యాక్టరీలోనే జరిగిపోయింది.

తాళాల కంటే పెద్ద లోపం మరొకటుంది. కారు ఎత్తుకెళ్లాలంటే దాన్ని స్టార్ట్ చేయాలి. ట్రైలర్‌కు అసలు ఇంజనే లేదు. ఇగ్నిషన్ లేదు, స్టీరింగ్ లేదు. కావలసిందల్లా ఒక పికప్, దాని వెనక ఒక హిచ్ బాల్, అంటే ట్రైలర్‌ను తగిలించే ఇనుప గుండు. ఆ బాల్‌లు కూడా అమెరికాలో ప్రధానంగా మూడే సైజులు, యూరప్‌లోనైతే 50 మిల్లీమీటర్ల సైజు ఒక్కటే. పికప్‌ను వెనక్కి తెచ్చి బాల్‌ను కప్లర్ (ట్రైలర్ ముక్కున ఉండే, బాల్ మీద కూర్చునే భాగం) కిందకు సరిపెట్టాలి. చక్రాల కింది చెక్కలు తీసేసి, జాక్ తిప్పి ట్రైలర్ ముక్కును బాల్ మీదకు దించి, గొళ్లెం వేసి, జాక్ పైకెత్తితే బయల్దేరడమే. అలవాటున్న మనిషి ఒక్కడే ఐదు నిమిషాల్లో చేసేస్తాడు. దొంగకైతే లైట్ల వైరు తగిలించే పని కూడా లేదు.

ఇక్కడ నన్ను అన్నిటికంటే భయపెట్టేది వేరే విషయం. పట్టపగలు ఒకడు కారు అద్దం పగలగొడుతుంటే నలుగురు చూస్తారు, ఒకరైనా ఫోన్ తీస్తారు. అదే మనిషి ట్రైలర్‌ను పికప్‌కు తగిలిస్తుంటే ఎవరికీ అనుమానం రాదు. ఎవరో సెలవులకు వెళ్తున్నారనుకుంటారు. కాస్త ఇబ్బంది పడుతున్నట్టు కనిపిస్తే పక్కింటాయన వచ్చి ‘ఇంకొంచెం ఎడమకి’ అని చెయ్యి ఊపుతాడు కూడా. ఈ దొంగతనం చూపుకు దొంగతనంలా ఉండదు. కాబట్టి ‘ఎవరో ఒకరు చూస్తారులే’ అన్న ధైర్యం పనికిరాదు. దొంగ చేసే పని చూడగానే దొంగపని అని తెలిసేలా, చప్పుడయ్యేలా, సమయం పట్టేలా మనమే చేయాలి. అద్దం పగలగొడితే వచ్చే చప్పుడు ట్రైలర్ దగ్గర కూడా వినిపించాలి.

కప్లర్ లాక్ ఒక్కటీ వేసి ఊరుకుంటే చాలదని అందుకే అంటాను. చాలామంది అదొక్కటే కొని నిశ్చింతగా నిద్రపోతారు. బాల్ దూరే గుంతను మూసేసే తాళం మంచిదే. గొళ్లేనికి పెట్టే చిన్న పిన్ను తాళం కంటే చాలా నయం. అయితే కప్లర్‌కు తాళం ఉన్నా సేఫ్టీ చైన్లను పికప్‌కు చుట్టి కొద్ది దూరం ఈడ్చుకుపోయే దొంగలున్నారు. పక్క సందులోకి చేరితే చాలు, మిగతా పని అక్కడ తీరిగ్గా చేసుకుంటారు. దీనికి విరుగుడు చక్రమే. చక్రం తిరగకపోతే బండి కదలదు. గట్టి వీల్ లాక్ పసుపో ఎరుపో రంగులో ఉండి దూరం నుంచే కనిపించాలి. రెండు ఇరుసుల బండైతే రెండు చక్రాల రంధ్రాల్లోంచి గట్టిపరిచిన ఉక్కు గొలుసు దూర్చి ఇరుసుకు కట్టాలి. పికప్ తొట్టిలో తగిలించే ఫిఫ్త్ వీల్ ట్రైలర్లయితే, అక్కడ తగిలే కింగ్‌పిన్ అనే కడ్డీకి తాళం. నెలల తరబడి కదిలించని బండైతే ముక్కును గోడ వైపు తిప్పి నిలబెట్టడం, వీలైతే దానికి అడ్డంగా ఇంకో వాహనం పెట్టడం. ఇవేవీ గొప్ప టెక్నాలజీ కావు. ఒక్కొక్కటీ దొంగకు ఇంకొన్ని నిమిషాలు ఖర్చు పెట్టిస్తుంది, అంతే. ఆ నిమిషాలకే దొంగ భయపడతాడు.

ఫ్యాక్టరీ తలచుకుంటే ఏం చేయగలదో బ్రిటన్ వెళ్లి చూడాలి. అక్కడ ట్రావెల్ ట్రైలర్లను క్యారవాన్‌లంటారు. చాలా క్యారవాన్‌లకు వీల్ లాక్ బిగించే రిసీవర్ చాసిస్‌కే, అంటే బండి అడుగు చట్రానికే అమర్చి వస్తుంది. తాళం చక్రం సందులోంచి దూరి నేరుగా చాసిస్‌కు బిగుస్తుంది. హిచ్ లాకూ వీల్ లాకూ లేకపోతే చాలా బీమా కంపెనీలు క్లెయిమ్ ఇవ్వవు. సీఆర్‌ఐఎస్ అనే క్యారవాన్‌ల రిజిస్ట్రీ 1992 నుంచి ఉంది. క్యారవాన్ చాసిస్ నంబరు, 17 అంకెలూ అక్షరాలూ, కిటికీ అద్దాల మీద చెక్కి ఉంటుంది. నంబరు ప్లేటు మార్చడం తేలిక, అన్ని కిటికీలూ మార్చడం అంత తేలిక కాదు. స్టోరేజీ యార్డులకు కూడా అక్కడ ‘కాసోవా’ అనే సంఘం భద్రతను బట్టి గోల్డ్, సిల్వర్, బ్రాంజ్ గ్రేడ్లు ఇస్తుంది. బ్రిటన్‌లో క్యారవాన్ దొంగలు లేరని కాదు, బాగానే ఉన్నారు. వాళ్లున్నారని ఒప్పుకుని బండి తయారు చేస్తున్నారు. అమెరికాలో ఆర్వీల్లో 80 శాతానికి పైగా ఒక్క ఇండియానా రాష్ట్రంలోనే, ఎక్కువగా ఎల్క్‌హార్ట్ చుట్టుపక్కల తయారవుతాయి. 2021లో పరిశ్రమ రికార్డు స్థాయిలో 6,00,240 బళ్లు పంపింది. ఇంత పెద్ద పరిశ్రమ ఒకే చోట కూర్చుని కూడా ‘ఇకనుంచి ఒక్కో బండికి ఒక్కో చెవి’ అని నిర్ణయించుకోలేకపోతోంది.

తయారీదార్ల వాదనా విందాం. ఆ తాళాలు దారిలో తలుపులు తెరుచుకోకుండా ఉండటానికే పెట్టామంటారు. ప్రతి అరకూ వేరే చెవి ఇస్తే యజమానులే తికమకపడతారనీ, పోగొట్టుకున్న ప్రతిసారీ డీలర్ దగ్గరికి పరిగెత్తాల్సి వస్తుందనీ అంటారు. ఇనుమును కోసే బ్యాటరీ గ్రైండర్ ఉన్నవాడిని ఏ తాళం ఆపుతుందని కూడా అడుగుతారు. మొదటి మాట నిజమే కావచ్చు, మరి అలాగైతే కొనేటప్పుడు ఆ మాట చెప్పాలి. ఒక బండిలోని తలుపులన్నిటికీ ఒకే చెవి ఇవ్వండి, ఎవరూ కాదనరు. అదే చెవి పక్క బండికి పనిచేయడం గురించే మా గొడవ. ఇక గ్రైండర్ పెడితే నిప్పురవ్వలు లేస్తాయి, వీధంతా వినిపిస్తుంది. అప్పుడు పక్కింటాయన సాయం చేయడానికి రాడు.

ఇప్పుడు ట్రాకర్ల సంగతి. బండి పోయిందన్న వార్త వినగానే అందరూ అడిగే మొదటి ప్రశ్న ‘ట్రాకర్ లేదా?’ అని. ట్రాకర్ ఉండాల్సిందే. కానీ అది పోయాక వెతకడానికి పనికొచ్చే వస్తువు, పోకుండా ఆపేది కాదు. మూడు చిక్కులు ఉన్నాయి. మొదటిది, తాళంచెవుల గుత్తికి పెట్టుకునే చిన్న బ్లూటూత్ ట్యాగ్ తన యజమానితో కాక వేరేవాళ్లతో ప్రయాణిస్తుంటే, వాళ్ల ఫోన్‌కు హెచ్చరిక వెళ్తుంది. మనుషుల్ని దొంగచాటుగా వెంటాడకుండా పెట్టిన మంచి ఏర్పాటు అది. 2024 మే నుంచి ఆపిల్, గూగుల్ రెండూ ఉమ్మడి ప్రమాణంతో దీన్ని అమలు చేస్తున్నాయి. కానీ మన ట్రైలర్ విషయంలో ఆ హెచ్చరిక దొంగ ఫోన్‌కే చేరుతుంది. రెండోది, సిమ్ ఉన్న జీపీఎస్ ట్రాకర్‌ను బండి బ్యాటరీకే కలిపితే దొంగ తీసే మొదటి వైరు అదే కావచ్చు. సొంత బ్యాటరీ ఉన్నది, ఎవరూ వెతకని చోట పెట్టుకోవాలి. మూడోది, అమెరికాలో 2022లో 3జీ నెట్‌వర్క్‌లు మూసేసినప్పుడు పాత ట్రాకర్లు మూగబోయాయి. ఎప్పుడో బిగించిన ట్రాకర్ ఉంది కదా అని నమ్ముకున్నవాళ్లు ఈరోజే ఫోన్ తీసి అది బతికుందో లేదో చూసుకోవడం మంచిది.

సొంతంగా నడిచే ఆర్వీలైన మోటార్‌హోమ్‌లకు ఇంజన్ ఉంది కాబట్టి కథ కొంత వేరు. ఎదురుగా కనిపించే స్టీరింగ్ బార్, పెడల్ లాక్, కొత్త చెవులు ప్రోగ్రామ్ చేయనివ్వకుండా ఓబీడీ పోర్టుకు (మెకానిక్‌లు తమ పరికరాన్ని బండి కంప్యూటర్‌కు కలిపే చోటుకు) తాళం, ఇంజన్ స్టార్ట్ కానివ్వకుండా రహస్యంగా పెట్టే కిల్ స్విచ్ పనికొస్తాయి. పెద్ద మోటార్‌హోమ్‌లకు ఇంకో బెడద క్యాటలిటిక్ కన్వర్టర్, అంటే పొగను శుద్ధిచేసే భాగం, దొంగతనం. అందులో ప్లాటినం, పల్లాడియం, రోడియం ఉంటాయి. కారు కిందకు దూరాలంటే జాక్ పెట్టాలి. మోటార్‌హోమ్ నేలకు ఎత్తుగా ఉంటుంది కనుక దొంగ రంపం పట్టుకుని నేరుగా కిందకు జారిపోతాడు. దానికి చుట్టూ ఉక్కు పలక బిగించే షీల్డులు దొరుకుతాయి. ఏడాదిలో ఎక్కువ రోజులు ఒకేచోట నిలబడే బండికి అది పెట్టించడం దండగ కాదు.

యజమాని ఇంతగా ఒళ్లు హూనం చేసుకోవాలా అనిపిస్తుంది కదా? నాకూ అలాగే అనిపిస్తుంది. అందుకే ఈ విషయాన్ని ఆర్వీల దగ్గరే వదలలేకపోతున్నాను. 1960ల మొదట్లో పశ్చిమ జర్మనీ కొత్త కార్లూ పాత కార్లూ అని చూడకుండా అన్నిటికీ స్టీరింగ్ లాక్ తప్పనిసరి చేసింది. కార్ల దొంగతనాలు బాగా పడిపోయాయి. బ్రిటన్ 1971 నుంచి కొత్త కార్లకే పెట్టించింది. దొంగలు పాత కార్ల మీద పడ్డారు. యూరప్‌లో 1998 నుంచి, కెనడాలో 2007 సెప్టెంబర్ నుంచి కొత్త కార్లకు ఇమ్మొబిలైజర్ (సరైన చెవి లేకపోతే ఇంజన్ స్టార్ట్ కానివ్వని పరికరం) తప్పనిసరి. అమెరికాలో అలాంటి నిబంధన లేదు. ఫలితం 2022లో చూశాం. ఇమ్మొబిలైజర్ లేని హ్యుందాయ్, కియా కార్లను ఎలా ఎత్తుకెళ్లాలో పిల్లలు వీడియోల్లో నేర్చుకున్నారు. చివరికి 2023 ఫిబ్రవరిలో దాదాపు 83 లక్షల కార్లకు సాఫ్ట్‌వేర్ అప్‌డేట్ ప్రకటించాల్సి వచ్చింది. అవే కంపెనీలు సరిహద్దు దాటితే కెనడాలో ఇమ్మొబిలైజర్ పెట్టి అమ్ముతూ వచ్చాయి, చట్టం పెట్టమంది కాబట్టి. దొంగలు అక్కడా ఇక్కడా ఒకటే, యజమానుల జాగ్రత్తా ఒకటే. తేడా అంతా ఫ్యాక్టరీలో ఒక భాగం బిగించారా లేదా అన్న దగ్గరే ఉంది.

వస్తువు చేసేవాడి బాధ్యతను కొనేవాడి నెత్తిన పెట్టడం ఇప్పుడు అన్నిచోట్లా మామూలైపోయింది. ఖాతాలో డబ్బు పోతే ఓటీపీ ఎందుకు చెప్పావంటారు. డేటా బయటకు పొక్కితే పాస్‌వర్డ్ ఎందుకు మార్చలేదంటారు. ఆర్వీ పోతే తాళం ఎందుకు కొనలేదంటారు. మొదట ఇచ్చిన తాళం ఎందుకు పనిచేయలేదో మాత్రం ఎవరూ చెప్పరు. ఆర్వీలో కాపురమే ఉంటున్నవాళ్లకైతే ఒక్క రాత్రిలో ఇల్లు, బట్టలు, మందులు, కాగితాలు అన్నీ పోతాయి. వాళ్లకు ‘జాగ్రత్తపడాల్సింది’ అని చెప్పడానికి మనకు నోరెలా వస్తుంది?

చట్టం వచ్చేదాకా ఎవరి బండిని వాళ్లు కాచుకోక తప్పదు. ఉన్న బండికి అరల తాళాలు వెంటనే మార్పించండి. తాళం సిలిండర్లు విడిగా దొరుకుతాయి, స్క్రూడ్రైవర్ పట్టడం వచ్చినవాళ్లు ఒక మధ్యాహ్నంలో ముగించవచ్చు. వీఐఎన్ (ప్రతి బండికీ విడిగా ఉండే గుర్తింపు నంబరు) ఫొటో మీ ఫోన్‌లో ఉండాలి, అసలు కాగితాలు బండిలో ఉండకూడదు. అమెరికాలో కారు బీమా ఉంది కదా, వెనక ట్రైలర్ పోయినా వస్తుందిలే అనుకోకండి. దొంగతనానికి ట్రైలర్ మీద విడిగా కవరేజీ ఉండాలి. సెకండ్ హ్యాండ్ కొనేవాళ్లు ఎన్‌ఐసీబీ (బీమా మోసాల మీద పనిచేసే అమెరికా సంస్థ) వెబ్‌సైట్‌లో అది దొంగబండో కాదో వీఐఎన్ ఉచితంగా సరిచూసుకోవచ్చు. దొంగ ట్రైలర్ అమ్ముడుపోకపోతే దొంగకు దానితో పనేముంది?

కొత్త బండి కొనబోయేవాళ్లను మాత్రం ఒక్కటి అడుగుతాను. డీలర్ యార్డులో సంతకం పెట్టేముందు మీకిచ్చిన చెవి తీసుకుని, డీలర్‌కు చెప్పి, పక్క బండి సామాన్ల అరకు పెట్టి తిప్పండి. తెరుచుకుంటే, తాళాలన్నీ మార్చి ఇచ్చేదాకా డబ్బు కట్టేది లేదని అక్కడే చెప్పండి.