చావు చేత మొక్కలకి నీళ్లు పోయించినోడే ఫిన్లాండ్ అసలు ఆర్టిస్ట్

ఫిన్లాండ్ జానపదం, బొమ్మలు అనగానే అందరూ అక్సెలి గాలెన్-కల్లెల పేరే ఎత్తుతారు. ఫిన్లాండ్ జానపద మహాకావ్యం కలేవలలోని వీరులు, 1900 పారిస్ ఎగ్జిబిషన్‌లో వేసిన ఫ్రెస్కోలు (గోడ బొమ్మలు), అవన్నీ తెలిసినవే. రష్యా జార్ కింద నలుగుతున్న దేశానికి అప్పుడు వీరులు కావాలి, ఆయన ఇచ్చాడు, కాదనేది లేదు. కానీ నన్నడిగితే పల్లె జనం నిజంగా దేనికి భయపడ్డారో దాన్ని బొమ్మలోకి దించింది మాత్రం ఆయన శిష్యుడు హ్యూగో సింబర్గ్.

1895లో ఈయన వేసిన 'మంచు' చూడండి. పాలిపోయిన ఆకారం ఒకటి కోసిన పంట కుప్ప మీద కూర్చుని ఊదుతుంటుంది, అంతే. 1867 సెప్టెంబర్లోనే మంచు పడి పంట పోయింది, 1866-68 కరువులో జనాభాలో దాదాపు 8 శాతం మంది చచ్చిపోయారు, ఆ తర్వాత అయిదారేళ్లకే 1873లో పుట్టాడు ఈయన. అలాంటి దేశంలో అసలు విలన్ కత్తి పట్టుకుని రాడు కదా, రాత్రికి రాత్రి చేలో దిగిపోతాడు.

మరుసటి ఏడాది వేసిన 'మృత్యు ఉద్యానవనం' అయితే ఇంకా ఘోరం, అంటే ఇంకా గొప్ప. నల్ల గౌన్లేసుకున్న అస్థిపంజరాలు కుండీల్లో మొక్కలు పెంచుతుంటాయి, ఒకడి చేతిలో నీళ్ల క్యాన్, ఇంకొకడు పువ్వుని గుండెలకి హత్తుకుని నిలబడ్డాడు. ఇక 1903 నాటి 'గాయపడ్డ దేవదూత', కళ్లకి కట్టు, రెక్క మీద నెత్తురు, ఇద్దరు పల్లెటూరి కుర్రాళ్లు స్ట్రెచర్ మీద మోసుకెళ్తుంటే వెనకోడు మొహం చిట్లించి మనవైపే చూస్తాడు, ఏదో మనమే కొట్టినట్టు! అర్థమేంటని అడిగితే సింబర్గ్ చెప్పలేదు, మీరే చూసుకోండన్నాడు. 2006లో ఆటెనియం మ్యూజియం ఓటింగ్ పెడితే జనం జాతీయ చిత్రంగా ఎంచుకుంది దీన్నే, వీరుల బొమ్మని కాదు.

ఇదంతా అప్పటి యూరప్‌లో నడిచిన సింబాలిజం, అంటే భావాల్ని గుర్తులతో చెప్పే కళా పద్ధతి, దాని ఫ్యాషన్, జానపదం పైపూతే అనేవాళ్లు ఉన్నారు. ఫ్యాషన్ ప్రభావం ఉంది, ఒప్పుకుందాం, కానీ పంట చేలో మంచు భయం పారిస్ నుంచి దిగుమతి అయ్యే సరుకు కాదు.

అసలు నాకు నచ్చేది ఫిన్లాండ్‌లోని టాంపెరె ఊరి చర్చి కథ. 1904-06 మధ్య ఈయనకి లోపల బొమ్మలేసే పని ఇచ్చారు. ఈయనేమో గోడల మీద అస్థిపంజరాల తోట, దెబ్బతిన్న దేవదూత, బాల్కనీ పొడుగునా గులాబీల దండ మోసే 12 మంది బట్టల్లేని కుర్రాళ్లు, అది చాలదన్నట్టు పైకప్పులో నోట్లో ఆపిల్ పెట్టుకున్న పాము వేశాడు! విమర్శలు గట్టిగానే వచ్చాయి. బొమ్మలు మాత్రం ఉన్నాయి, ఇప్పటికీ ఉన్నాయి. ఇదే ఈరోజు ఏ దేశంలోనైనా గుళ్లోనో చర్చిలోనో వేసి చూడండి, సాయంత్రానికల్లా మనోభావాలు దెబ్బతింటాయి, రాత్రికి కేసు, పొద్దున్నే ఆర్టిస్ట్ చేతులు జోడించి క్షమాపణ వీడియో. భక్తి అంటే సున్నితంగా ఉండటమేనని ఎవరు నేర్పారో గానీ, ఆ చర్చిలో వందేళ్లకి పైగా ప్రార్థనలు ఆ పాము కిందే జరుగుతున్నాయి, ఎవరి దేవుడికీ ఏమీ కాలేదు.