బేరం సరే, అక్కడివాళ్ళను అడిగారా?

డెన్మార్క్ రాజ్యంలో ఉంటూ తన పాలన తానే చూసుకునే గ్రీన్‌లాండ్ తమకు కావాలని అమెరికా అధ్యక్షుడు ట్రంప్ పట్టుబట్టారు. దాని ధర ఎంత పలుకుతుందని మన టీవీల్లో చర్చలు పెడుతున్నారు. తలకు ఇన్ని డాలర్లు చేతిలో పెడితే జనం ఒప్పుకుంటారా, అంతా కలిపితే ఎన్ని లక్షల కోట్లవుతుంది, అంత పెట్టి కొంటే అమెరికాకు గిట్టుబాటు అవుతుందా అని గంటలకొద్దీ లెక్కలు. మాకు కోపం తెప్పించింది ఈ లెక్కలే. అక్కడ 57 వేల మంది మనుషులున్నారు. రద్దీ రోజున తిరుమలలో దర్శనానికి వచ్చే జనం కంటే తక్కువే కావచ్చు, కానీ వాళ్ళకో భాష ఉంది, పార్లమెంటు ఉంది, ఎన్నుకున్న ప్రధానమంత్రి ఉన్నాడు. చర్చలో కూర్చున్న నలుగురిలో ఒక్కరికైనా వాళ్ళను అడిగారా అన్న ప్రశ్న రాలేదు.

అడిగినవాళ్ళు లేకపోలేదు. 2025 జనవరిలో గ్రీన్‌లాండ్, డెన్మార్క్ పత్రికలు చేయించిన సర్వేలో గ్రీన్‌లాండ్ వాళ్ళలో 85 శాతం మంది అమెరికాలో కలవడం తమకు వద్దన్నారు, కావాలన్నవాళ్ళు 6 శాతం. ఆ తర్వాత రెండు నెలలైనా గడవకముందే, మార్చి 4న ట్రంప్ తమ పార్లమెంటైన కాంగ్రెస్‌లో నిలబడి ఏదో ఒక దారిలో దాన్ని తీసుకుని తీరతామన్నారు. ఏదో ఒక దారిలో అంటే ఏమిటో వివరించి చెప్పాల్సిన పనిలేదు. అంతకు ముందే జనవరిలో, సైన్యాన్ని వాడబోమని హామీ ఇస్తారా అని అడిగితే ఇవ్వనన్నారు.

రక్షణ అవసరం అంటున్నారు. ఆర్కిటిక్‌లో మంచు కరుగుతోంది, రష్యా, చైనా ఓడలు తిరుగుతున్నాయి, నిజమే. కానీ 1951లో డెన్మార్క్‌తో చేసుకున్న ఒప్పందం ప్రకారం అమెరికా అక్కడ స్థావరాలు పెట్టుకోవచ్చు. పిటుఫిక్‌లో ఇప్పటికే ఒకటి నడుస్తోంది. కాపలా కాయడానికి ఇల్లు రాయించుకోవాల్సిన అవసరం ఎక్కడుంది?

ఈ బేరం ఇవాళ పుట్టింది కాదు. 1946లో అమెరికాలోని ట్రూమన్ ప్రభుత్వం గ్రీన్‌లాండ్‌కు 10 కోట్ల డాలర్ల బంగారం ఇస్తామంది. డెన్మార్క్ ఒప్పుకోలేదు. అంతకు ముందు 1917లో మాత్రం ఇదే డెన్మార్క్ కరీబియన్‌లోని తన దీవులను 2.5 కోట్ల డాలర్లకు అమెరికాకు అమ్మేసింది. అమ్మాలా వద్దా అని డెన్మార్క్‌లో ప్రజాభిప్రాయ సేకరణ జరిపారు, ఆ దీవుల్లో ఉన్నవాళ్ళకు మాత్రం అందులో ఓటు లేదు. వర్జిన్ ఐలాండ్స్ అనే ఆ దీవుల జనానికి ఇప్పటికీ అమెరికా అధ్యక్షుడి ఎన్నికలో ఓటు లేదు. ఆ అమ్మకం సమయంలోనే, గ్రీన్‌లాండ్ మొత్తం మీద డెన్మార్క్ తన అధికారాన్ని పెంచుకుంటే తమకు అభ్యంతరం లేదని అమెరికా రాసిచ్చింది. వందేళ్ళ నాటి ఆ కాగితాన్ని ఇవాళ వాషింగ్టన్‌లో ఎవరూ బయటికి తీయడం లేదు.

డెన్మార్క్‌ను కూడా మేము వెనకేసుకు రావడం లేదు. 1953లో అమెరికా స్థావరం కోసం థూలే (ఇప్పటి పిటుఫిక్) దగ్గర తరతరాలుగా వేటాడుకుని బతికే కుటుంబాలను రోజుల వ్యవధిలో లేపి ఉత్తరానికి పంపింది డెన్మార్కే. 1960ల నుంచి వేల మంది గ్రీన్‌లాండ్ ఆడవాళ్ళకు, బడికెళ్ళే అమ్మాయిలకు కూడా, చాలామందికి చెప్పకుండానే గర్భనిరోధక లూపులు వేయించినందుకు ఆ దేశ ప్రధాని 2025లో గానీ క్షమాపణ చెప్పలేదు. తమ ఒంటి మీదే మాట చెల్లనివ్వని చోట, నేల మీద ఎవరు చెల్లనిస్తారు?

మన దగ్గరకే వద్దాం. 1845లో డెన్మార్క్ మన తూర్పు తీరంలో, ఇవాళ్టి తమిళనాడులోని తరంగంబాడిని, బెంగాల్‌లోని శ్రీరాంపూర్‌ను కలిపి 12.5 లక్షల రూపాయలకు ఈస్టిండియా కంపెనీకి అమ్మింది. తరంగంబాడిలో వలలు ఆరేసుకునే బెస్తవాళ్ళను ఎవరైనా అడిగి ఉంటారా? అంతకు రెండు వందల ఏళ్ళ ముందు, 1639లో, దామెర్ల వేంకటాద్రి నాయకుడు మద్రాసు తీరంలో కొంత నేలను కంపెనీ మనిషి ఫ్రాన్సిస్ డేకు రాసిచ్చాడు. ఆ నాయకుడి పైనున్న విజయనగర రాజుల చివరి రాజధానుల్లో మన చంద్రగిరి ఒకటి. ఆ ఒప్పందానికి ముద్ర పడింది రాజమహల్‌లోనేనని ఇప్పటికీ చెప్పుకుంటారు. కోట కట్టుకోవడానికి, వ్యాపారం చేసుకోవడానికి ఇచ్చిన జాగా అది. 1801 వచ్చేసరికి ఆర్కాటు నవాబు తనకు భరణం ఉంచుకుని తన కర్ణాటక రాజ్యమంతా (ఇవాళ్టి కర్ణాటక కాదు) అదే కంపెనీకి వదిలేశాడు, చిత్తూరు సీమ అందులోనే పోయింది. ఇక్కడి పాలెగాళ్ళు ఎదురు తిరిగితే కంపెనీ సైన్యాన్ని దింపింది. బేరం ఆడినవాళ్ళు ఇద్దరే, పన్ను కట్టింది మాత్రం ఊళ్ళన్నీ. చంద్రగిరి కోటను చూస్తూ పెరిగిన ఊరి పత్రికగా మేము దీన్ని ఎక్కడో మంచు దేశం గొడవ అనుకోలేకపోతున్నాం.

తిరుపతిలో రెండు సెంట్ల స్థలం కొనాలంటే ఈసీ తీస్తాం, లింకు డాక్యుమెంట్లు అడుగుతాం, అన్నదమ్ములందరి సంతకాలూ ఉన్నాయా అని చూస్తాం, ఒక్క చెల్లెలి సంతకం తగ్గినా సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు గడప ఎక్కడానికి భయపడతాం. 2022లో మన రాష్ట్రంలో జిల్లాలను విడదీసేటప్పుడు కూడా అభ్యంతరాలు చెప్పుకోవడానికి 30 రోజుల గడువిచ్చారు. విన్నారా లేదా అన్నది వేరే సంగతి, రాజంపేట వాళ్ళు ఎంత గొడవ చేశారో అందరం చూశాం. కనీసం అడగాలన్న పద్ధతి ఉంది. 21.66 లక్షల చదరపు కిలోమీటర్ల దేశానికి, మన భారతదేశంలో మూడింట రెండు వంతులుండే నేలకు, ఆ పద్ధతి కూడా అక్కర్లేదా?

అడగడం కుదరని పనేమీ కాదు. మనమే చేసి చూపించాం. బంగ్లాదేశ్‌తో సరిహద్దు సర్దుబాటులో 2015 జులై 31 అర్ధరాత్రి 162 చిన్న చిన్న భూభాగాలు చేతులు మారాయి. దానికోసం రాజ్యాంగాన్ని వందోసారి సవరించుకున్నాం. ఆ నేలల్లో ఉన్న 50 వేల పైచిలుకు మందిని, ఇంటింటికీ వెళ్ళి, మీకు ఏ దేశం కావాలని అడిగారు. బంగ్లాదేశ్ వైపున్న మన భూభాగాల్లో ఉన్నవాళ్ళలో వెయ్యి మందికి లోపే ఇటు వస్తామన్నారు, మిగతావాళ్ళు పుట్టిన నేల మీదే ఉంటామన్నారు. వాళ్ళ మాటే చెల్లింది. ఒక్క తుపాకీ పేలలేదు. ప్రపంచానికి చూపించుకోదగ్గ పని ఇది, మన టీవీల్లో దీని మీద ఎన్ని చర్చలు వచ్చాయి?

అదే భారతదేశం 2022 అక్టోబరులో, ఉక్రెయిన్‌లోని నాలుగు ప్రాంతాలను రష్యా కలిపేసుకోవడం చెల్లదని ఐక్యరాజ్యసమితిలో 143 దేశాలు ఓటేసినప్పుడు ఎటూ వేయకుండా కూర్చుంది. చమురు అవసరం, పాత స్నేహం, కారణాలన్నీ మాకూ తెలుసు. రష్యా విషయంలో నోరు మెదపనివాళ్ళం అమెరికా విషయంలో ఏ మొహంతో మాట్లాడతాం? ఇవాళ గ్రీన్‌లాండ్‌కు ధర కట్టడం మామూలు మాట అయిపోతే, రేపు అరుణాచల్ ఊళ్ళకు తన పేర్లు పెట్టుకుంటున్న చైనాకు అదే మాట ఆసరా అవుతుంది. అక్కడి జనాన్ని అడగండి అని అప్పుడు మనమే గొంతు చించుకోవాలి.

మన పిల్లలు అమెరికాలో ఉన్నారు, వీసాల టెన్షన్ చాలదా, మనకెందుకీ గొడవ అని కొందరు పాఠకులు అంటున్నారు. చిత్తూరు జిల్లాలో ఊరికి నలుగురైనా అక్కడ ఉన్నారు, ఆ భయం మాకు అర్థమవుతుంది. అయినా ఒప్పుకోం. పిల్లల ఉద్యోగాల కోసం నోరు కట్టేసుకోవాలంటే, ఆర్కాటు నవాబు భరణం కోసం చేసిన సంతకానికీ దీనికీ తేడా ఏముంది?

డెన్మార్క్ చేసిన 2009 స్వయంపాలన చట్టం ప్రకారం విడిపోవాలో కలిసి ఉండాలో ఓటేసి తేల్చుకునే హక్కు గ్రీన్‌లాండ్ ప్రజలకుంది. దాని గురించి మాట్లాడండి. మన రాష్ట్రం నుంచి వెళ్ళిన 25 మంది లోక్‌సభ సభ్యుల్లో ఒక్కరైనా లేచి, ఆ హక్కును మన దేశం గుర్తిస్తుందా లేదా అని విదేశాంగ మంత్రిని అడగాలి. ఇక టీవీల వాళ్ళకు: ఇంకోసారి ఆ దేశానికి ధర కట్టే ముందు, ఆ 57 వేల మందిలో ఒక్కరినైనా ఫోన్లో పట్టుకుని మాట్లాడించండి. అది చేతకాకపోతే ఆ కార్యక్రమం మానేయండి.