కిరీటం పెట్టుకుంటే సంస్కృతి అమ్ముడుపోయినట్టేనా?

2025 మేలో హైదరాబాద్‌లో మిస్ వరల్డ్ పోటీలు జరిగినప్పుడు కెనడా తరఫున వచ్చిన యువతి ఎమ్మా మోరిసన్. ఉత్తర ఒంటారియోలో షాప్లో (Chapleau) అనే ఊరి దగ్గర ఉండే క్రీ జాతి ఆదివాసీ సమూహం ఆమెది. 2022లో మిస్ వరల్డ్ కెనడా గెలిచింది. ఆ కిరీటం ఒక ఆదివాసీ మహిళకు దక్కడం అదే మొదటిసారి. ఇలాంటి వార్త వచ్చినప్పుడల్లా ఒకే రకం ఫార్వర్డు ఊరంతా తిరుగుతుంది. దాని సారాంశం ఇది: సంప్రదాయ బట్టలు కట్టుకుని స్టేజీ ఎక్కడం ఉత్త వేషం, అందాల పోటీ తెల్లవాళ్ల వ్యాపారం, గెలిచినమ్మాయి నవ్వుతూ నిలబడాలి గానీ రాజకీయాలు మాట్లాడకూడదు, అయినా దీనివల్ల ఆదివాసీలకు ఒరిగిందేమీ లేదు.

ముందు ఆ వేషం సంగతి చూద్దాం. ఈ మాట అనేవాళ్లకు కెనడా చరిత్ర తెలియదనుకోవాలి. అక్కడ ఆదివాసీల వేడుకలపై నిషేధం 1880లలోనే మొదలైంది. 1914లో 'ఇండియన్ చట్టా'నికి (ఇండియన్లంటే ఇక్కడ కెనడా ఆదివాసీలే) మరో సవరణ తెచ్చారు. దాని ప్రకారం పశ్చిమ రాష్ట్రాల ఆదివాసీలు తమకు కేటాయించిన ప్రాంతం (రిజర్వు) దాటి వచ్చి నాట్యం చేసినా, ప్రభుత్వాధికారి అనుమతి లేకుండా సంప్రదాయ దుస్తుల్లో ఏ ప్రదర్శనలో పాల్గొన్నా నేరమే. పాతిక డాలర్ల వరకు జరిమానా, లేదంటే నెల రోజుల జైలు. వాళ్ల చేత ఆడించినవాళ్లకూ శిక్ష ఉండేది. ఈ నిషేధం 1951 దాకా పోలేదు.

ఇంకోపక్క రెసిడెన్షియల్ స్కూళ్లు. లక్షన్నర మంది ఆదివాసీ పిల్లలను ఇళ్ల నుంచి తీసుకెళ్లి అక్కడ ఉంచారని ఈ స్కూళ్ల మీద వేసిన ట్రూత్ అండ్ రీకన్సిలియేషన్ కమిషన్ 2015లో తేల్చింది. చేరిన రోజే జుట్టు కత్తిరించేవారు. ఇంటి నుంచి వేసుకొచ్చిన బట్టలు తీయించేవారు. సొంత భాష మాట్లాడితే దెబ్బలు. చివరి స్కూళ్లు మూతపడింది 1990లలో, అంటే నిన్నమొన్నే.

ఇప్పుడు ఆష్లీ కాలింగ్‌బుల్‌ను చూడండి. ఆల్బెర్టాలో ఎడ్మంటన్ నగరం పక్కనే ఉన్న ఈనోక్ క్రీ నేషన్ ఆమె ఊరు. 2015 ఆగస్టులో బెలారస్ రాజధాని మిన్స్క్‌లో మిసెస్ యూనివర్స్ గెలిచింది. ఆ టైటిల్ గెలిచిన మొదటి కెనడా మహిళ, మొదటి ఆదివాసీ మహిళ కూడా ఆమే. తాతల కాలంలో అధికారి చీటీ లేనిదే కట్టుకుని బయట ఆడకూడని బట్టను మనవరాలు ప్రపంచం ముందు కట్టుకుని తిరిగితే దాన్ని వేషం అంటారా? వేషమే అయితే ప్రభుత్వం జైల్లో పెట్టేంత భయం ఎందుకు పడింది?

మనవైపు నుంచి కూడా ఒక మాట అడగాలి. ఆసిఫాబాద్ జిల్లా మార్లవాయికి చెందిన కనకరాజు గోండుల గుస్సాడీ నాట్యానికి పెట్టుకునే నెమలి ఈకల టోపీ పెట్టుకుని ఢిల్లీ వేదికల మీద ఆడారు. 2021లో పద్మశ్రీ ఇచ్చారు. అందరం చప్పట్లు కొట్టాం, కొట్టాల్సిందే. గోండు సంస్కృతిని స్టేజీకెక్కించి అమ్ముకున్నాడని ఎవరూ అనలేదు. అదే పని ఒక ఆడపిల్ల చేస్తే, అందంగా ఉంటే, అప్పుడు మాత్రం అమ్ముకోవడం అయిపోతుంది.

"అసలు సిసలు సంస్కృతి అయితే ఇంత తళుకు ఎందుకు" అనేది ఈ వాదానికి తోక. క్రీ స్త్రీలు గర్వంగా వేసుకునే రిబ్బన్ స్కర్ట్‌నే తీసుకోండి. కాలి మడమల దాకా వచ్చే పావడా, అంచు మీదుగా అడ్డంగా రంగురంగుల శాటిన్ రిబ్బన్లు వరస మీద వరస కుట్టి ఉంటాయి. ఆ రిబ్బన్లు ఒకప్పుడు ఐరోపా వర్తకులు బొచ్చు తోళ్లకు మార్పిడిగా తెచ్చినవే. బయటి సరుకును తీసుకుని తమ కుట్టుతో తమది చేసుకున్నారు. రిబ్బన్‌ను అలా చేసుకున్నవాళ్లు ఇవాళ స్టేజీని చేసుకుంటున్నారు. వింతేముంది?

ఇక వ్యాపారం అన్న మాట. ఇందులో నిజముంది, నేను కాదనను. ఆడవాళ్లను వరసలో నిలబెట్టి మార్కులు వేసే పద్ధతి నాకూ నచ్చదు. మిస్ వరల్డ్‌వాళ్లు స్టేజీ మీద స్విమ్‌సూట్ రౌండ్ తీసేస్తున్నామని 2014లో ప్రకటించారు గానీ, అంతమాత్రాన అది సేవాసంస్థ అయిపోదు. రామప్ప గుడి దగ్గర పోటీదారుల కాళ్ల మీద మన ఆడవాళ్లు నీళ్లు పోసి తుడిచిన వీడియో ఎంత రచ్చయిందో గుర్తుంది కదా. ఆ తప్పుకు నిర్వాహకులను, ప్రభుత్వాన్ని అడగండి. షాప్లో ఊరి నుంచి వచ్చిన మోరిసన్‌ను కాదు.

రాజకీయాల దగ్గరికొస్తే నాకు ఓపిక తక్కువ. కాలింగ్‌బుల్ కిరీటం పెట్టుకున్న కొద్ది రోజులకే, అక్టోబరులో ఎన్నికలున్నాయి, ఆదివాసీలంతా ఓటేసి ప్రధానిని మార్చండి అని బాహాటంగా చెప్పింది. అందగత్తెకు ఇదంతా ఎందుకని కొందరు గొణిగారు. కెనడాలో ఫస్ట్ నేషన్స్ ప్రజలకు, అంటే క్రీల లాంటి ఆదివాసీ జాతులకు, చట్టం ఇచ్చిన ఆదివాసీ హోదా వదులుకోకుండా జాతీయ ఎన్నికల్లో ఓటు వచ్చింది 1960లో. అలాంటి ఇంటి పిల్ల ఓటు గురించి మాట్లాడకపోతే ఆశ్చర్యపోవాలి.

పైగా ఆమె మాట్లాడింది చిన్న విషయం గురించి కాదు. 1980 నుంచి 2012 దాకా హత్యకు గురైన, కనిపించకుండా పోయిన ఆదివాసీ స్త్రీల కేసులు 1,181 అని కెనడా జాతీయ పోలీసులే 2014లో లెక్క చెప్పారు. దేశంలోని ఆడవాళ్లలో వాళ్లు 4 శాతం చిల్లర, హత్యకు గురైన ఆడవాళ్లలో మాత్రం 16 శాతం. దీనిపై జాతీయ విచారణ వేయమంటే, అది మాకు పెద్ద ప్రాధాన్యం కాదన్నట్టు అప్పటి ప్రధాని స్టీఫెన్ హార్పర్ ఆ ఏడాది చివర్లో టీవీ ఇంటర్వ్యూలో చెప్పేశారు. తన వయసు ఆడపిల్లలు మాయమైపోతుంటే మైకు చేతికొచ్చిన మనిషి ప్రపంచ శాంతి గురించి నాలుగు తియ్యటి ముక్కలు చెప్పి దిగిపోవాలా?

చివరిది, ఏం ఒరిగింది అన్న ప్రశ్న. ఆ ఎన్నికల్లో ప్రభుత్వం మారింది, తర్వాత జాతీయ విచారణా మొదలైంది. అదంతా కిరీటం వల్లేనని నేను చెప్పను. దాని వెనక చనిపోయిన పిల్లల తల్లులు, అక్కచెల్లెళ్లు ఏళ్ల తరబడి చేసిన పోరాటం ఉంది. కాలింగ్‌బుల్ ఆ గొంతుల్లో ఒకటి. అయితే ఒరగడమంటే చట్టాలే కాదు. 2020 డిసెంబరులో సస్కాచెవాన్‌లో పదేళ్ల పాప స్కూల్లో ఫార్మల్ బట్టల రోజున రిబ్బన్ స్కర్ట్ వేసుకెళ్తే, ఇది ఫార్మల్ కాదని అక్కడి సిబ్బందిలో ఒకరు అన్నారు. ఆ పాప చిన్నబోయి ఇంటికొచ్చింది. సంగతి బయటికొచ్చాక దేశమంతటా ఆడవాళ్లు తమ స్కర్టులు కట్టుకుని ఫోటోలు పెట్టారు. 2023 నుంచి జనవరి 4ను కెనడా జాతీయ రిబ్బన్ స్కర్ట్ దినంగా జరుపుతోంది. మోరిసన్ కూడా తన సేవా కార్యక్రమంగా ఈ స్కర్టులు కుట్టడం నేర్పడాన్నే ఎంచుకుంది.

ఆదివాసీ స్త్రీల హత్యలు, అదృశ్యాలపై వేసిన ఆ జాతీయ విచారణ 2019 జూన్‌లో తన నివేదిక ఇచ్చింది. అందులో 231 సిఫార్సులున్నాయి. వాటిలో చాలా వాటికి ఇప్పటికీ మోక్షం లేదు. ఏం ఒరిగిందని అడగాలనుకునేవాళ్లు ఆ కాగితం పట్టుకుని ఒట్టావా ప్రభుత్వాన్ని అడగొచ్చు. కాలింగ్‌బుల్ అడిగింది వాళ్లనే.