మార్టింగేల్ పుస్తకాల్లో రాసింది అది కాదు

కొన్ని నెలలుగా ఒక వాట్సాప్ మెసేజ్ హైదరాబాద్ గ్రూపుల్లో తిరుగుతోంది. మా అపార్ట్‌మెంట్ గ్రూపులో వచ్చింది, పాత విద్యార్థుల గ్రూపులో వచ్చింది, చివరికి కాలేజీ స్టాఫ్ గ్రూపులోనూ వచ్చింది. అందులో చెప్పేది ఇదీ: మార్టింగేల్ అనే ఫ్రెంచ్ గణిత మేధావి ఒక సూత్రం కనిపెట్టాడు. ఓడిన ప్రతిసారీ పందెం రెట్టింపు చేస్తూ పోతే గెలుపు నూటికి నూరు శాతం ఖాయమని పెద్ద పెద్ద ప్రాబబిలిటీ పుస్తకాల్లోనే నిరూపించారు. వరసగా ఐదుసార్లు పోతే ఆరోసారి వచ్చే అవకాశం బాగా పెరుగుతుంది. షేర్ మార్కెట్ కూడా మార్టింగేలే కాబట్టి ఆప్షన్లలోనూ ఇది పనిచేస్తుంది. ఆ పుస్తకాలు మామూలు వాళ్లకు అర్థం కావు, ఈ ఒక్క సూత్రం చాలు.

ఏళ్ల తరబడి డిగ్రీ పిల్లలకు స్టాటిస్టిక్స్ చెబుతున్నాను. ఆ పుస్తకాల మీద నాకున్న ప్రేమ ఒక కారణం, నా దగ్గర చదువుకున్న ఒక కుర్రాడు ఈ మెసేజ్‌ని నమ్మడం ఇంకో కారణం. ఊరుకోలేకపోయాను.

అతను ఒక ఆదివారం ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద, పాత పుస్తకాల కుప్పల దగ్గర కలిశాడు. మాదాపూర్‌లో ఉద్యోగం. ఇరానీ హోటల్లో కూర్చున్నాక ఫోన్ తీసి చూపించాడు. ఎరుపా ఆకుపచ్చా చెప్పమనే ఒక యాప్. 2,000 రూపాయలతో మొదలుపెట్టి రెట్టింపు చేస్తూ పోయాడు. ఏడుసార్లు వరసగా పోయింది. బిల్లు కాగితం వెనక నేను రాస్తూ ఉంటే అతను చూస్తున్నాడు: 2,000, 4,000, 8,000, 16,000, 32,000, 64,000, 1,28,000. మొత్తం 2,54,000. చిట్టీ పాడి ఎత్తిన డబ్బు. ఎనిమిదో పందేనికి 2,56,000 కావాలి. "అది కూడా అప్పు తెస్తే వచ్చేసేది కదా సార్, పుస్తకాల్లో ఉందట కదా" అన్నాడు. చాయ్ చల్లారిపోయింది. ఆ రోజు అతనికి చెప్పిందే ఇక్కడ వరసగా రాస్తున్నాను.

మొదటి మాట పేరు గురించి. మార్టింగేల్ అనే గణిత మేధావి ఎవరూ లేరు. అది ఫ్రాన్స్‌లో జూదగాళ్ల నోట నలిగిన మాట, 18వ శతాబ్దం నుంచీ ఈ రెట్టింపు పందేన్ని అలాగే పిలిచేవారు. గుర్రానికి కట్టే ఒక పట్టీకి కూడా అదే పేరు. గణితంలోకి దాన్ని తెచ్చింది జాన్ విల్ అనే ఫ్రెంచ్ యువకుడు, 1939లో. తర్వాత అమెరికాలో జోసెఫ్ డూబ్ దాన్ని ఒక పూర్తి సిద్ధాంతంగా పెంచి, 1953లో తన పెద్ద పుస్తకంలో నిలబెట్టాడు. గణితంలో మార్టింగేల్ అంటే గెలిచే పద్ధతి కాదు. న్యాయంగా సాగే ఆట. ఇప్పటిదాకా జరిగిందంతా తెలిసినా, తర్వాతి అడుగు తర్వాత నీ చేతిలో సగటున ఎంత ఉంటుందంటే ఇప్పుడున్నంతే. ఎక్కువా కాదు, తక్కువా కాదు.

ఇక అసలు విషయం, నూటికి నూరు శాతం గెలుపు. ఈ వాక్యం పుస్తకాల్లో ఉన్న మాట నిజమే. న్యాయమైన నాణేన్ని ఆపకుండా వేస్తూ పోతే ఎప్పుడో ఒకప్పుడు బొమ్మ పడడం ఖాయం, పడ్డ రోజున మొదటి పందెం మొత్తం లాభం. కానీ ఆ ఉదాహరణను డూబ్ పేరుతో ఉన్న ఆప్షనల్ స్టాపింగ్ సిద్ధాంతం పక్కనే పెడతారు, హెచ్చరికగా. ఎప్పుడు ఆపినా సగటు లాభం సున్నాయే అని ఆ సిద్ధాంతం చెబుతుంది, కొన్ని షరతుల మీద. ఆ షరతులు తీసేస్తే ఏమవుతుందో చూపించడానికే రెట్టింపు పందెం. ఎందుకంటే దానికి అంతులేని డబ్బు కావాలి. మొదటి పందెం 100 రూపాయలు అనుకోండి. గెలుపు రెండోసారి వస్తే అంతకుముందు పోయింది 100, దానికి అవకాశం నాలుగింట ఒకటి. మూడోసారి వస్తే పోయింది 300, అవకాశం ఎనిమిదింట ఒకటి. నాలుగోసారికి 700, పదహారింట ఒకటి. పోయినదాన్ని అవకాశంతో గుణిస్తే 25, 37.50, 43.75. ఇలా వచ్చే ప్రతి అంకె 50కి దగ్గరవుతూ పోతుంది, వాటిని కలుపుతూ పోతే మొత్తం ఎక్కడా ఆగదు. అంటే గెలిచే లోపల పోగొట్టుకోవాల్సిన డబ్బు సగటు అనంతం. ఆ అప్పు ఏ బ్యాంకూ ఇవ్వదు, ఏ చిట్టీలోనూ రాదు.

మన జేబుకు హద్దు ఉంది కదా, దాన్ని పెట్టి లెక్క చూడండి. పదిసార్లకు సరిపడా డబ్బు ఉంది, అంటే 1,02,300. పదీ పోయే అవకాశం 1,024లో ఒకటి. మిగతా 1,023 సార్లు 100 చొప్పున గెలిస్తే 1,02,300. ఆ ఒక్కసారి పోయేదీ 1,02,300. అణా పైసలతో సహా సమానం. ఈ లెక్క క్లాసులో బోర్డు మీద వేసినప్పుడల్లా పిల్లలు ఒక్క క్షణం మౌనంగా ఉండిపోతారు. ఇది కూడా నాణెం న్యాయంగా ఉన్నప్పుడు. 37 గడుల చక్రం తిప్పే రూలెట్ జూదంలో ఎరుపు మీద ఇదే పదిసార్ల హద్దుతో ఆడితే ఒక్కో విడతకు సగటున 30 రూపాయలకు పైనే పోతాయి, జూదశాల వాటా కింద. ఫోన్ యాప్‌లో రంగు ఎలా తేలుతుందో మన కళ్లకు కనపడనే కనపడదు. తెలంగాణలో 2017 నుంచి డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలు చట్టవిరుద్ధం, కాబట్టి ఫిర్యాదు చేద్దామన్నా మనమే భయపడాలి.

విల్ చేసిన పనిలోనే మెసేజ్‌కి నేరుగా జవాబుంది. న్యాయమైన ఆటలో, అప్పు చేయకుండా ఆడితే, చేతిలో ఉన్నది ఎప్పుడైనా రెట్టింపయ్యే అవకాశం సగానికి మించదు. పది రెట్లయ్యే అవకాశం పదింట ఒకటికి మించదు. ఏ పద్ధతి పట్టుకున్నా సరే, ఎంతకాలం ఆడినా సరే. పదివేలను లక్ష చేస్తామనేవాళ్లందరి ముందూ పెట్టాల్సిన ఫలితం ఇది. దీని నిరూపణ ఒక పేజీ కూడా పట్టదు.

ఐదు పోతే ఆరోది వస్తుందన్న మాటకు ఎక్కువ రాయను. నాణేనికి జ్ఞాపకం ఉండదు. వందసార్లు వేసి చూడండి, ఎక్కడో ఒకచోట ఒకే వైపు ఆరుసార్లు వరసగా పడే అవకాశం సుమారు 80 శాతం. మనం ఆ వరసలో చిక్కుకున్నప్పుడే అది వింతగా కనిపిస్తుంది.

షేర్ మార్కెట్ మార్టింగేల్ అనేవాళ్లు తమ వాదాన్ని తామే కూల్చుకుంటున్నారు. ధర నిజంగా మార్టింగేల్ అయితే రేపటి ధరకు సగటు అంచనా ఈరోజు ధరే, ఇక సూత్రంతో లాభం ఎక్కడిది? ఫైనాన్స్ గణితం పుస్తకాల్లో ఆప్షన్, అంటే ముందే కుదుర్చుకున్న ధరకు కొనే లేదా అమ్మే హక్కు, దాని ధర కట్టే ముందే ఒక నియమం పెడతారు: నష్టానికి హద్దు లేని వ్యూహాలు లెక్కలోకి రావు. ఆ నియమం పెట్టిందే రెట్టింపు పందేన్ని బయట ఉంచడానికి. ఇక వాస్తవం కావాలంటే, 2024 సెప్టెంబరులో షేర్ మార్కెట్ నియంత్రణ సంస్థ సెబీ ఇచ్చిన అధ్యయనం ఉంది. 2021-22 నుంచి మూడేళ్లలో ఫ్యూచర్స్, ఆప్షన్స్‌లో దిగిన కోటి మందికి పైగా వ్యక్తుల్లో 93 శాతం మంది నష్టపోయారు. మొత్తం 1.8 లక్షల కోట్లకు పైనే.

నాకు అన్నిటికన్నా బాధ కలిగించింది చివరి మాట, ఆ పుస్తకాలు మనకు అర్థం కావు అనడం. ఒక చిన్న లెక్క చెబుతాను. నాణెం వేస్తూ పోతే బొమ్మ-బొమ్మ వరసగా పడడానికి సగటున ఎన్నిసార్లు వేయాలి? బొమ్మ-బొరుసు పడడానికి ఎన్నిసార్లు? రెండూ ఒకటే అని అందరం అనుకుంటాం. ప్రతి టాస్‌కు ముందు ఒక కొత్త మనిషి ఒక్క రూపాయితో వచ్చి బొమ్మ మీద పెడతాడనుకోండి. గెలిస్తే వచ్చిన రెండూ తర్వాతి బొమ్మ మీద పెడతాడు, ఓడితే వెళ్లిపోతాడు. బొమ్మ-బొమ్మ పడి ఆట ఆగేసరికి చివరి మనిషి చేతిలో 2, అతని ముందువాడి చేతిలో 4, మొత్తం 6. ఆట న్యాయమైనది కాబట్టి లోపలికి వచ్చిన రూపాయలూ సగటున 6, అంటే 6 టాస్‌లు. బొమ్మ-బొరుసుకు ఇదే ఆట పెడితే, మొదట బొమ్మ మీద గెలిచినవాడు వచ్చిన రెండూ బొరుసు మీద పెడతాడు. ఆట ఆగేసరికి చివర్లో వచ్చినవాడు బొమ్మ మీద పెట్టి ఓడిపోయి ఉంటాడు, ముందువాడి దగ్గర 4. కాబట్టి 4 టాస్‌లు. మార్టింగేల్ అంటే ఇదీ. ఇక్కడా రెట్టింపు ఉంది, కానీ ఎవరి జేబులోంచీ ఒక్క రూపాయికి మించి పోలేదు. ఇందులో ఇంటర్ చదివినవాళ్లకు అర్థం కానిది ఏముంది?

చదవాలనుకుంటే ఫెల్లర్ రాసిన ప్రాబబిలిటీ పుస్తకం మొదటి సంపుటంలో నాణేల అధ్యాయంతో మొదలుపెట్టండి, అక్కడ కాలిక్యులస్ పెద్దగా అక్కర్లేదు. తర్వాత డేవిడ్ విలియమ్స్ 1991లో రాసిన 'ప్రాబబిలిటీ విత్ మార్టింగేల్స్', పలుచని పుస్తకం, మొదటి భాగం మెజర్ థియరీ, అంటే ప్రాబబిలిటీకి పునాది వేసే గణితం కాబట్టి ఓపిక కావాలి. డరెట్ అనే గణితవేత్త తన ప్రాబబిలిటీ పుస్తకాన్ని సొంత వెబ్‌పేజీలో ఉచితంగానే పెట్టాడు. మన దేశంలో కె.ఆర్. పార్థసారథి గారి పుస్తకం ఉంది. ఇదంతా పరాయి చదువు అనుకునేవాళ్లకు ఇంకో మాట. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో గణితం చదివిన స్టాటిస్టిక్స్ శాస్త్రవేత్త సి.ఆర్. రావు గారి పేరు మీద గచ్చిబౌలిలో, సెంట్రల్ యూనివర్సిటీ ఆవరణలో ఒక సంస్థ నడుస్తోంది. ఆయన పేరుతో ఉన్న రావు-బ్లాక్‌వెల్ సిద్ధాంతం నిలబడేది కండిషనల్ ఎక్స్‌పెక్టేషన్, అంటే ఇప్పటిదాకా తెలిసినదాన్ని బట్టి కట్టే సగటు మీదే. మార్టింగేల్ నిర్వచనమూ దాని మీదే నిలబడుతుంది.

ఆ కుర్రాడు ఇప్పటికీ చిట్టీ కిస్తీలు కడుతున్నాడు. నా దగ్గరున్న విలియమ్స్ పుస్తకం తీసుకెళ్లాడు. పోయిన ఆదివారం తొమ్మిదో అధ్యాయంలో ఒక మెట్టు దగ్గర ఆగిపోయానని ఫోన్ చేశాడు. గంటసేపు ఆ ఒక్క లైను మీదే మాట్లాడుకున్నాం.